లండన్ కేసు, సిరిసిల్ల బువ్వ

శ్యాంసుందర్ సార్ లండన్ ఎన్నడూ చూడలేదు. అయినా నూటయాభై ఏళ్ళ కింద అక్కడ ఏ సందులో ఎవరి గొంతు కోశారో, ఏ జడ్జి నెత్తిన నల్లగుడ్డ వేసుకుని ఉరిశిక్ష చదివాడో, ఆ రోజు కోర్టు బయట జనం ఎట్లా తోసుకున్నారో ఆయనకు నోటికి వచ్చు. జగిత్యాల జూనియర్ కాలేజీలో చరిత్ర చెప్పి రిటైరయ్యాడు. సిరిసిల్లలో కూతురి ఇంటి పక్కన ఇల్లు కట్టుకున్నాడు. అప్పటి నుంచి బ్రిటిష్ వాళ్ళ పాత హత్యకేసుల మీద పుస్తకాలు రాస్తున్నాడు. అచ్చయిన ప్రతి పుస్తకానికీ కోరుట్లలో ఒక సభ, ఒక శాలువా. వాటిని చదివినవాళ్ళు మాత్రం నాకెవరూ తగల్లేదు. నేను చదవక తప్పదు. వాటిని టైపు చేసేది నేనే.

పాత బస్టాండు దగ్గర బక్కయ్య గారి డీటీపీ షాపులో నా పని. పెళ్ళి కార్డులు, దినం కార్డులు, ఫ్లెక్సీలు. మాది రుద్రంగి, చదివింది ఊరి బడిలో. పొద్దంతా నోరు తెరవకుండా పని చేస్తానని బక్కయ్య గారికి నా మీద గురి. శ్యాంసుందర్ సార్‌కు కూడా అందుకే నేను నచ్చాను. ఆయనకు కావలసింది చెవులు.

సార్ పుస్తకాల్లో చచ్చిపోయిన మనిషికి రెండు వాక్యాలు దక్కుతాయి. చంపిన వాడి టోపీకి, చేతికర్రకు, గుర్రబ్బండికి రెండు పేజీలు. ఆడమనిషి నేరస్థురాలైతే ఇక పండగే. ఆమె చూపు తాచుపాము, నవ్వు తేనె పూసిన కత్తి, నడక ఇంకేదో. లివర్‌పూల్‌లో ఒక భర్త పోయాడట. ఈగల్ని చంపే విషపు కాగితాలను భార్య నీళ్ళలో నానబెట్టిందట. ముఖానికి రాసుకోవడానికని ఆమె అన్నది. జడ్జి ఉరి అన్నాడు. తర్వాత ఉరి తప్పించి జైల్లో ఉంచారు, పదిహేనేళ్ళకు వదిలేశారు. ఆమె చంపిందో లేదో ఆ దేశంలో ఇప్పటికీ తేలలేదని ఇంగ్లీషు పుస్తకంలో ఉందని సారే ఒకసారి చెప్పాడు. ఆయన తెలుగు రాతలో మాత్రం ఆ అనుమానం లేదు. అనుమానం ఉంటే పుస్తకం అమ్ముడుపోదని ఆయన సిద్ధాంతం. అనుమానం లేకుండానూ అమ్ముడుపోవడం లేదు, అది వేరే సంగతి.

ఆయన షాపులో కూర్చుని ప్రూఫులు దిద్దుతున్న ఒక పొద్దున మహేందర్ బావ దినం కార్డు చేయించడానికి వచ్చాడు. మా పెద్దమ్మ బిడ్డ శారదక్కకు ఆయన బావగారు. ఆయన తమ్ముడు సునీల్, అక్క భర్త, ఆ వారమే పోయాడు. వాళ్ళింట్లో సాంచాలు, అంటే మరమగ్గాలు, నడుస్తాయి.

"ఫొటో జర పెద్దగ పెట్టు ప్రవళికా," అన్నాడు బావ.

"పిట్ట ముట్టిందా మహేందర్?" అని బక్కయ్య గారు అడిగాడు. మా దిక్కు చావింటి వాళ్ళు కనబడితే మొదట అడిగే మాట అదే.

"ఏడ ముట్టింది కాకా! మానేరు ఒడ్డుకు పొద్దటి సంది పగటాల్ల దాక కూసున్నం. నీ పిల్లను మంచిగ సూసుకుంటం తమ్మీ అన్న. సాంచాలు అమ్మం అన్న. ఒక్క కాకన్న అస్తె ఒట్టు. ఆఖరికి ఆవుకు పెట్టి అచ్చినం. మనసుల ఏం పెట్టుకొని పోయిండో ఏమో."

నేనూ ఆ ఒడ్డున ఉన్నాను. విస్తరి చుట్టూ ఊరంతా గుంపుగా నిలబడింది. ఇద్దరు వీడియో తీస్తూ ఫోన్లు పైకెత్తి పట్టుకున్నారు. అంత సంతలోకి ఏ కాకి దిగుతుంది? పోయిన మనిషికి తీరని కోరిక ఉందని ఏడ్చారు గానీ, నాలుగడుగులు వెనక్కి జరుగుదామని ఎవరికీ తోచలేదు.

సార్ ప్రూఫుల మీంచి తల ఎత్తాడు. "కాకి మాట వదిలెయ్ నాయనా, అది మూఢనమ్మకం. మనిషి ఎలా చనిపోయాడు? అది చెప్పు."

"సాంచాల కాడ ఛాతిల మంటన్నడు సార్. చెమటలు పట్టినయి. గ్యాస్ అనుకున్నం. మా మరదలు వాము నీళ్ళిచ్చింది. కక్కిండు. దవాఖానకు తీస్కపోయేసరికే అయిపాయె. డాక్టర్ గుండెపోటు అన్నడు."

"భార్య చేతి నీళ్ళు. వెంటనే వాంతి." సార్ కళ్ళద్దాలు తీశాడు. "పోస్టుమార్టం?"

"గదెందుకు సార్? కాలవెట్టినం."

"లండన్‌లో అయితే ఈపాటికి సమాధి తవ్వేవాళ్ళు! ఇంట్లో విషం ఏమైనా ఉంటుందా?"

"ఇసమెందుకుంటది... ఎలుకల మందుంటది."

"ఎవరు తెస్తారు?"

"మరదలే తెస్తది."

సాంచాలు నడిచే ప్రతి ఇంట్లో ఎలుకల మందు ఉంటుంది. లేకుంటే నూలు మిగలదు. ఆ సంగతి మహేందర్ బావకూ తెలుసు. కానీ అంత చదివిన మనిషి కళ్ళు మూసుకుని తల ఆడిస్తుంటే, తనకు తెలిసిన సంగతే బావకు కొత్తగా వినబడింది. ముఖం మారిపోయింది.

నేను నోరు తెరిచాను. "సార్, శారద మా అక్క."

సార్ సిగ్గుపడతాడనుకున్నాను. ఆయన కుర్చీ నా వైపు లాక్కున్నాడు. "అయితే నువ్వు సాక్షివి! చెప్పు, ఆమెకు అద్దం ముందు ఎక్కువసేపు నిలబడే అలవాటు ఉందా?"

"లేదు సార్. పొద్దంతా నూలు కండెలు చుడుతది. అద్దం కాడ నిలబడే తీరికెక్కడిది?"

"దాస్తున్నావు," అన్నాడు సంతోషంగా.

కాకి రాలేదన్న మాట ఒక్కటే ఉన్నప్పుడు అది ఏడుపుగా ఉంది. దానికి లండన్ తోడయ్యేసరికి నేరమైంది. కాకిని నమ్మే వాళ్ళు సార్ మాట పట్టుకున్నారు, కాకిని నమ్మనని చెప్పుకునే సార్ కాకి తెచ్చిన కేసు పట్టుకున్నాడు. నల్లా కాడ ఆడవాళ్ళు శారదక్క బిందె పక్కన తమ బిందె పెట్టడం మానేశారు. దినం అయ్యాక ఆమె తల్లిగారింటికి పోవాలని, ఆరేళ్ళ కూతురు రాణి మాత్రం తమ దగ్గరే ఉంటుందని మహేందర్ బావ చెప్పేశాడు.

"నన్ను పొమ్మను, పోత," అన్నది శారదక్క నాతో. "పిల్లనెందుకు గుంజుకుంటరే? రేపు పెద్దగయినంక మీ అమ్మ మీ నాయినకు మందు పెట్టిందని చెప్తరా దానికి?"

సార్ రాసే కేసుల్లో శవాన్ని తవ్వి తీస్తారు, పరీక్ష చేసిన డాక్టరు కోర్టులో నిలబడి ఒక మాట చెబుతాడు. ఆ మాటతో ఒకరు ఉరెక్కుతారు, ఒకరు ఇంటికి పోతారు. అక్కకు ఆ మాట చెప్పే దిక్కు కూడా లేదు. సునీల్ బావ బూడిద అప్పటికే ధర్మపురి దగ్గర గోదావరిలో కలిసిపోయింది. అక్క వాళ్ళ అత్త వజ్రమ్మ ఒక మూలకు కూర్చుని ఉండేది. అక్కను తిట్టేది కాదు, వెనకేసుకొచ్చేదీ కాదు. కాకి రాలేదన్న దిగులు తప్ప ఆమెకు ఇంకేదీ ఎక్కడం లేదు.

దినం నాడు ఇంటి ముందు టెంట్ వేశారు. మహేందర్ బావ సార్‌ను పిలిచాడు. సభకు వచ్చినట్టు ఇస్త్రీ బట్టల్లో వచ్చాడాయన. కులపెద్ద ముత్తయ్య తాత పక్కన కుర్చీ వేశారు. భోజనాలకు ముందు పిల్ల సంగతి తేల్చాలన్నారు. సార్ లేచి నిలబడ్డాడు. లివర్‌పూల్ చెప్పాడు. ఈగల కాగితం చెప్పాడు. గుండెపోటులాగే కనబడే విషాలు ఎన్ని ఉన్నాయో చెప్పాడు. ఏడ్వని భార్యలను నమ్మరాదన్నాడు, అతిగా ఏడ్చే భార్యలను అసలే నమ్మరాదన్నాడు.

"మరి ఎంత ఏడిస్తే సరిపోతది సారూ?" అని ముత్తయ్య తాత అడిగాడు.

కొందరు నవ్వారు. సార్‌కు అది వినబడలేదు. "నేను ఎవరినీ నిందించడం లేదు. చరిత్ర ఏం చెబుతుందో అంతే చెబుతున్నాను," అని కూర్చున్నాడు. మహేందర్ బావ తల ఊపాడు. "ఇంక పిల్లను ఎట్ల ఇడిసిపెడ్తం? మీరే చెప్పుండ్రి," అన్నాడు పెద్దలతో.

అప్పుడు వంటల దిక్కు నుంచి శారదక్క వచ్చింది. ఆ రోజు ఆమె గడప దాటి వడ్డించకూడదు. అయినా వచ్చింది. చేతిలో పళ్ళెం. అందరికీ వండిన గిన్నెల్లోంచే పెట్టిన అన్నం, మటన్. దాన్ని తెచ్చి సార్ ముందు పట్టింది.

"తినుండ్రి సార్."

సార్ ఆ పళ్ళెం వైపు చూశాడు. జీవితమంతా విషాల గురించి చదివిన మనిషి, మొదటిసారి విషం ముందు కూర్చున్నట్టు చూశాడు. కుర్చీ కింద కాళ్ళు వెనక్కి లాక్కున్నాడు. ఆయన పుస్తక భాష ఎటో పోయింది.

"నాకద్దు... నాకు షుగరున్నది."

"గిప్పుడే చక్కెరేసి రెండు చాయలు తాగితివి గద సారూ," అన్నాడు ముత్తయ్య తాత.

"అది... కడుపుల బాగలేదు. ఇంటికి పోయి తింట."

ఈసారి ఎవరూ నవ్వలేదు. చావింట్లో దినం బువ్వ తోసేసి పోయేవాడు మాకు పగవాడి కింద లెక్క. తినలేని రోగి కూడా ఒక్క మెతుకు నోట్లో వేసుకుని లేస్తాడు. సార్‌కు అది తెలియక కాదు. భయం అంత గట్టిగా పట్టుకుంది.

మూలకు కూర్చున్న వజ్రమ్మ అత్త లేచింది. గోడ పట్టుకుని మెల్లగా ఆయన ముందుకు వచ్చింది.

"పిట్ట ముట్టలేదని గిన్నొద్దుల సంది ఏడుస్తున్న. అది నోరు లేనిది, దానికేం ఎరుక? నువ్వు మనిషివి గాదా సారూ? నా కొడుకు పేర వండిన బువ్వ ముంగటికస్తె కాళ్ళు గుంజుకుంటవా?"

"అది కాదమ్మా, జాగ్రత్త కోసం..."

"ఏం జాగ్రత్త? నా కొడుకు దాని చేతిబువ్వే కద తిన్నడు గిన్నేండ్లు! నేను తినలేదా? మొన్న నాకు జరమస్తె మందుగోలి ఎవ్వలేసిండ్రు నోట్లె?" ఆమె శారదక్క చేతిలోంచి పళ్ళెం గుంజుకుని అక్కడే, ఆయన చెప్పుల పక్కనే, కింద కూర్చుంది. అన్నం కలిపింది. గబగబా తినలేదు. కుదురుగా, ఎముక కూడా చీకి, తిన్నది. సగం అయ్యాక, "రాణీ, ఇటు రా బిడ్డ," అని పిలిచి మనవరాలికి ఒక ముద్ద పెట్టింది, ఇంకొక ముద్ద పెట్టింది. పిల్ల కారమని నీళ్ళడిగింది.

"మహేందర్," అన్నది అత్త చెయ్యి కడుక్కోకుండానే, "పిల్ల తల్లి కాడుంటది. తల్లి నా కాడుంటది. ఇంక గీ ముచ్చట నా ఇంట్ల తియ్యకు."

"మరి పిట్ట..." అన్నాడు బావ.

"నలుగురు బువ్వకు కూసున్నప్పుడు పిట్టెందుకు రా?" అన్నాడు ముత్తయ్య తాత. "లెవ్వుండ్రి, బువ్వ సల్లారుతది." పెద్దలు లేచి బంతిలో కూర్చున్నారు. మహేందర్ బావ కొంచెంసేపు అటూ ఇటూ చూసి తానూ కూర్చున్నాడు. ఆయన విస్తట్లో శారదక్కే అన్నం వేసింది. తిన్నాడు. సార్ ఎప్పుడు వెళ్ళిపోయాడో ఎవరూ చూడలేదు.

ఇంతటితో ఆయనకు బుద్ధి వచ్చి ఉంటుందని నేననుకున్నాను. తర్వాతి వారం కాగితాల సంచితో షాపుకు వచ్చాడు. ముఖం వెలిగిపోతోంది.

"చివరి అధ్యాయం మన సిరిసిల్ల కేసు! పేర్లు అసలువే పెడదాం, దమ్ము ఉంటుంది. ఇందులో నేను ముందు చూడని కోణం ఒకటుంది ప్రవళికా. ఆ ముసలామె అంత ధైర్యంగా ఎలా తిన్నది? ఆ పళ్ళెంలో ఏమీ లేదని ఆమెకు ముందే తెలుసు. ఎలా తెలుసు? అత్తాకోడళ్ళు ఒక్కటి! ఇంగ్లండులో కూడా ఇద్దరు ఆడవాళ్ళు కలిసి చేసిన కేసులు ఉన్నాయి."

నేను కాగితాలు తిరగేశాను. వజ్రమ్మ అత్త చూపుకు కూడా తాచుపాము వచ్చేసింది. మోకాళ్ళ నొప్పితో గోడ పట్టుకుని నడిచే మనిషి అందులో పిల్లిలా అడుగులు వేస్తోంది.

"సార్, ఆ రోజు మీరు తినుంటే ఏమయ్యేది?" అని అడిగాను.

ఆయన నిజంగానే ఆలోచించాడు. కడుపు మీద చెయ్యి పెట్టుకున్నాడు. "తినుంటె నేనిట్ల నీ ముంగట కూసుందునా బిడ్డా?" అన్నాడు.

పళ్ళెంలో ఏమీ లేదని ఇప్పుడే వాదించిన మనిషి! నాకు నవ్వు ఆగలేదు. బక్కయ్య గారు ఫ్లెక్సీ మిషను దగ్గర నుంచి తల తిప్పి చూశాడు. సార్ కూడా మొదట నవ్వబోయాడు, తర్వాత ఆగిపోయాడు. నేను ఆయన కాగితాలన్నీ అంచులు కలిపి సర్ది, ఆయన సంచిలోనే పెట్టాను.

"వీళ్ళ పేర్లున్న కాగితం నేను టైపు చెయ్య సార్," అని సంచి ఆయన చేతికిచ్చాను.

"పేర్లు మారుద్దాం..." అన్నాడు.

"మార్చినా చెయ్య."

బక్కయ్య గారు మిషను మళ్ళీ ఆన్ చేశాడు. సార్ సంచి చంకన పెట్టుకుని, ఎదురుగా ఉన్న ఇంకో డీటీపీ షాపు బోర్డు చదువుతూ, రోడ్డు దాటాడు.