గట్టు మీద పడ్డ బంతి

మా కాలేజీలో బేస్‌బాల్ ఆట చూడటానికి విద్యార్థులు డబ్బు కట్టక్కర్లేదు. గుర్తింపు కార్డు ఉంటే చాలు. మైదానం ఎడమ మూల గేటు దగ్గర కార్డులు చూసే మిస్ ఓపల్ చేతిలోని మిషను కీచుమంటుంది, మనం లోపలికి పోతాం. ఉచితం కదా అని ఊరికే కూర్చోవచ్చనుకుంటే మాత్రం పొరపాటు. మాకు కుర్చీలు లేవు. కంచె అవతల గడ్డి పెరిగిన గట్టు ఒకటి ఉంది. దాని మీద దుప్పటి పరుచుకుని కూర్చోవాలి, ఎదురుగా నిలబడ్డ అవతలి జట్టు ఫీల్డరు వీపు చూసి అరవాలి. అరవనివాళ్ళని గట్టు జనం మనుషుల్లో లెక్కెయ్యరు.

ఎక్కువ ఆటలకి వచ్చినవాళ్ళకి వచ్చే ఏడు ఫుట్‌బాల్ సీట్లలో మొదటి వంతు ఇస్తారు. అందుకని కొందరు కార్డు గీకించుకుని, ఉడికించిన వేరుశెనగలు ఓ పొట్లం కొనుక్కుని, అటునుంచి అటే జారుకుంటారు. వాళ్ళని చూస్తే నాకు ఒళ్ళు మంట. ఆట మీద ప్రేమ లేనివాడికి ఉచితంగా ఇచ్చినా దండగే.

మిస్ ఓపల్ జీవితమంతా స్కూలు బస్సు నడిపి, ఇప్పుడు ఆ గేటు దగ్గర స్టూలేసుకుని కూర్చుంది. అందరినీ బంగారం అనే పిలుస్తుంది. అలా పిలుస్తూనే మెడబట్టి గెంటేస్తుంది. మా గట్టు మీదికి అవతలి జట్టు రంగు రాకూడదని ఒక కట్టుబాటు ఉంది. మా రంగు ఆకుపచ్చ. ఒకసారి ఒకడు ముదురెరుపు మేజోళ్ళు వేసుకొచ్చాడని, పక్కకి పోయి విప్పి జేబులో పెట్టుకు రమ్మంది. వాడు ఆ రోజంతా ఉత్తి కాళ్ళకి బూట్లు వేసుకుని కూర్చున్నాడు.

ముదురెరుపు నది అవతలి కాలేజీ వాళ్ళది. మా అన్న ఎమ్మెట్ ఆ జట్టులోనే ఉన్నాడు. అమ్మకి మొదటి పెళ్ళిలో పుట్టాడు కాబట్టి వాడి ఇంటిపేరు వేరు, నాది వేరు. ఆ సంగతి గట్టు మీద ఎవరికీ తెలీదు. నేనూ చెప్పలేదు.

ఎమ్మెట్ జట్టులో ఉన్నాడంటే ఉన్నాడు. నాలుగేళ్ళలో ఎక్కువ భాగం బెంచీ మీదే గడిచిపోయింది. ఇదే ఆఖరి ఏడు. ఇది అయిపోగానే మా మామయ్యతో కలిసి ధాన్యపు గాదెలు బిగించే పనికి పోతానని చెప్పేశాడు. వాడు కాలేజీలో చేరిన ఏడు, మొదటి హోమ్ రన్‌కి కంచె దాటించిన బంతిని వంటింటి కిటికీలో నీలం కప్పులో పెడతానంది అమ్మ. ఇప్పుడు ఆ కప్పు నిండా రబ్బరు బ్యాండ్లున్నాయి. దాని ఊసు మా ఇంట్లో ఎవరూ ఎత్తరు.

ఏప్రిల్లో వాళ్ళ జట్టు మా దగ్గరికి శని, ఆదివారాల ఆటలకి వచ్చింది. ముందురోజు ఎమ్మెట్ ఫోన్ చేశాడు. ఎడమ మూల ఆడే కుర్రాడికి మడమ మెలిపడిందట, శనివారం తనని దింపుతున్నారట. అమ్మకి వృద్ధాశ్రమం వంటశాలలో డ్యూటీ, రాలేదు. నన్ను కుర్చీల వైపు కూర్చోమన్నాడు. టికెట్టు కొనాలి, పైగా అక్కణ్ణించి నువ్వు చీమంత కనిపిస్తావు, గట్టు మీదైతే నాకు ఎదురుగానే ఉంటావు, ఊరికే వస్తుంది అన్నాను.

"సరే, అరుచుకో. నీ సరదా నేనెందుకు చెడగొట్టాలి. ఒక్కటే. నేను కొట్టిన బంతి మీ దగ్గర పడితే మాత్రం వెనక్కి విసరనియ్యకు."

నవ్వుతూనే అన్నాడు. నేనూ నవ్వుతూనే సరేనన్నాను. కానీ వాడికది నవ్వులాట కాదని నాకు తెలుసు.

అవతలి జట్టువాడు కొట్టిన హోమ్ రన్ బంతి మా గట్టు మీద పడితే దాన్ని మైదానంలోకి తిరిగి విసిరెయ్యాలి. నీ హోమ్ రన్ మాకు అక్కర్లేదు, నువ్వే ఉంచుకో అని చెప్పడమన్నమాట. గట్టు గట్టంతా లేచి నిలబడి "విసిరెయ్, విసిరెయ్" అని అరుస్తుంది. బంతి దాచుకున్నవాడికి మర్నాడు దుప్పటి పరుచుకోను చోటు దొరకదు. ఈ తంతుకి పెద్ద, డచ్ అనే కుర్రాడు. తాటిచెట్టంత పొడుగు, ఎండాకాలంలో కూడా పెద్ద జేబుల కోటు, చేతికెప్పుడూ గ్లవ్వు. నాలుగేళ్ళ వ్యవసాయం చదువుని ఐదో ఏడుకి సాగదీసింది ఈ గట్టు వదల్లేకేనని మా అనుమానం. గట్టు మీదికి వచ్చిన ఏ బంతయినా చివరికి వాడి గ్లవ్వులోనే పడేది. అరుపులకి కూడా వాడే నియమాలు పెట్టాడు. బూతు కూడదు, తల్లుల జోలికి పోకూడదు, ఫీల్డరుని నవ్వించినవాడే ఆ పూటకి మొనగాడు.

శనివారం మధ్యాహ్నం నేను ఆకుపచ్చ చొక్కా వేసుకుని వెళ్ళాను. మిస్ ఓపల్ పైనుంచి కిందికి చూసి, ఏంటి బంగారం, మొహం అలా పాలిపోయింది అంది. ఎండ అన్నాను. ఆకాశం నిండా మబ్బులున్నాయి.

రెండో ఇన్నింగ్స్‌లో ఎమ్మెట్ తేలిక క్యాచ్ ఒకటి జారవిడిచాడు. అంతే, డచ్‌కి పండగ. వాళ్ళ జట్టు జాబితా ముందే చదివొచ్చాడు వాడు, మా అన్న ఎన్ని ఆటలు కూర్చున్నాడో అంతా తెలుసు.

"ఎమ్మెట్, పాపం ఆ బెంచీ నీ మీద బెంగెట్టుకుంది. వెళ్ళి ఓసారి కనబడి రా."

గట్టంతా పగలబడి నవ్వింది. ఆ తర్వాత అదే పాట. బెంచీకి జ్వరమొచ్చిందని ఒకరు, అన్నం మానేసిందని ఇంకొకరు. నేను పెదాలు మాత్రం ఆడించాను. ఎమ్మెట్ వెనక్కి తిరగలేదు. వాడి మెడ కమిలిపోయింది, భుజాలు చెవుల దాకా వచ్చేశాయి. చిన్నప్పటి నుంచీ అంతే, బాధ వేస్తే ముడుచుకుపోతాడు. ఇలాగే ఉంటే వాడు బ్యాటు సరిగ్గా ఊపలేడు, ఈ ఒక్క రోజూ పోతుంది, ఆ నీలం కప్పు రబ్బరు బ్యాండ్లతోనే ఉండిపోతుంది. నాకు ఏడుపొచ్చింది, కోపమూ వచ్చింది. ఆ కోపంలోనే లేచి నిలబడ్డాను.

"ఎమ్మెట్, డీకన్ వస్తున్నాడు. ట్రాక్టరెక్కెయ్."

డీకన్ మా అమ్మమ్మ పెంచిన టర్కీ కోడి. ఎమ్మెట్ చిన్నప్పుడు అది వాణ్ణి తరిమి ట్రాక్టరెక్కించి, పొద్దుగూకేదాకా కింద కాపలా తిరిగింది. చర్చి పెద్ద పేరు పెట్టుకున్న కోడికి ఆ మాత్రం క్రమశిక్షణ ఉండదా అనేది అమ్మమ్మ.

వాడు గిరుక్కున తిరిగాడు. గట్టంతా వెతికి నన్ను పట్టుకున్నాడు. ఒక్క క్షణం మొహం ఎర్రబడింది, తర్వాత నవ్వొచ్చేసింది. గ్లవ్వు అడ్డం పెట్టుకున్నా వాడి భుజాలు ఊగడం అందరికీ కనిపించింది. గట్టుకి డీకనెవరో తెలీదు. నేను టర్కీ కోడని చెప్పడమే ఆలస్యం, అందరూ కోడి కూతలు మొదలెట్టారు. బెంచీ సంగతి మర్చిపోయారు. ఇంత సంగతి ఎక్కడ తవ్వావు అని డచ్ అడిగాడు. కష్టపడి చదివాను అన్నాను. ఆ పూటకి మొనగత్తెను నేనే అయ్యాను.

ఆరో ఇన్నింగ్స్‌లో ఎమ్మెట్ బ్యాటు పట్టుకుని వచ్చాడు. భుజాలు దిగి ఉన్నాయి. రెండో బంతికి ఊపాడు. ఆ చప్పుడు వినగానే నేను నోరు మూసుకున్నాను, లేకపోతే గట్టు మీద ఆకుపచ్చ చొక్కాతో కేక పెట్టేదాన్ని. బంతి మబ్బుల్లోకి పోయి, మెల్లగా పెద్దదవుతూ మా వైపే వచ్చింది. డచ్ నా దుప్పటి తొక్కుకుంటూ రెండడుగులు వేసి చెయ్యి చాచాడు. గ్లవ్వులో పడింది.

గట్టంతా లేచింది. విసిరెయ్, విసిరెయ్. నేను డచ్ మోచెయ్యి రెండు చేతులా పట్టుకున్నాను.

"విసరకు డచ్. వాడు మా అన్న."

"ఎవడూ?"

"ఎమ్మెట్. మా అమ్మ కొడుకు. నాలుగేళ్ళలో ఇదే మొదటిది. ఆ బంతి అమ్మకి కావాలి."

డచ్ నా మొహంలోకి చూశాడు. చుట్టూ ఉన్నవాళ్ళు విన్నారు, అరుపులు కాస్త తగ్గాయి. వాడు చెయ్యి విడిపించుకుని అవతలికి తిరిగాడు, కోటు సర్దుకున్నాడు, అందరికీ వినపడేలా అన్నాడు.

"అన్నైతే ఇంకా గట్టిగా విసరాలి."

విసిరేశాడు. బంతి కంచె దాటి మైదానంలో పడి దొర్లింది. గట్టంతా ఈలలు. మా ఫీల్డరు మర్యాదస్తుడు కాబట్టి దాన్ని తీసి అవతలి వాళ్ళ బెంచీ వైపు పంపించాడు. మైదానం చుట్టూ పరిగెత్తి ఆఖరి మలుపు తిరుగుతూ ఎమ్మెట్ తలెత్తి మా వైపు చూడటం నేను చూశాను. బంతి ఏ చోటు నుంచి వచ్చిందో వాడికి తెలియకుండా ఉండదు.

దుప్పటి లాక్కుని గట్టు పైకి పోయి ఒక్కదాన్నీ కూర్చున్నాను. డచ్ నిమ్మరసం కోసమని కిందికి దిగి వెళ్ళాడు. వాడి వైపు చూడను కూడా లేదు. కాసేపటికి అక్కడా ఉండలేకపోయాను. ఆట సగంలో జారుకునేవాళ్ళని తిట్టే నేనే ఆట ముగియకుండా లేచి గేటు దారి పట్టాను.

"బంగారం, ఇలా రా," అంది మిస్ ఓపల్.

స్టూలు కింద పెట్టుకున్న అన్నం డబ్బా తీసి మూత తెరిచింది. లోపల బేస్‌బాల్ ఉంది.

"డచ్ ఇచ్చి వెళ్ళాడు. మామూలుగా అయితే నేనే వాళ్ళ బస్సు డ్రైవరుకి అందిస్తా. ఇవాళ నువ్వే పట్టుకెళ్తావని చెప్పాడు."

నాకు మొదట అర్థం కాలేదు. మరి విసిరింది ఏంటని అడిగాను. ఆవిడ నన్ను బుద్ధిలేని పిల్లని చూసినట్టు చూసింది. డచ్ కోటు జేబులో ఎప్పుడూ ఒక పాత బంతి ఉంటుందట. వాడు ఇన్నాళ్ళూ విసిరినవన్నీ పాత బంతులేనట. అసలువి ఈ అన్నం డబ్బాలోంచి కొట్టినవాడి దగ్గరికి పోతాయట. ఎర్ర మేజోళ్ళు విప్పించిన మనిషే ఈ పని చేస్తోందంటే నేను నమ్మలేక నిలబడిపోయాను.

"గట్టు మీద ఎవరికీ చెప్పకు. వాళ్ళ సరదా వాళ్ళకి ఉండాలి. కొట్టింది మాత్రం ఎవడో ఒకమ్మ కన్నబిడ్డేగా," అంది, బంతి నా చేతికిచ్చి డబ్బా మూత పెట్టేస్తూ.

వాళ్ళ బస్సు దగ్గరికి పోయి నిలబడ్డాను. ఆట అయ్యాక ఎమ్మెట్ సంచీ భుజానేసుకుని వచ్చాడు. నన్ను చూసి నవ్వాడు కానీ పూర్తిగా కాదు. నాకు చూపించడానికి జేబులోంచి బంతి తీశాడు. దాని చుట్టూ జట్టువాళ్ళందరూ సంతకాలు పెట్టేశారు.

"తిరిగొచ్చేసింది చూడు. నీ పక్క నుంచే వచ్చినట్టుంది," అన్నాడు, నెమ్మదిగా.

నేను నా చేతిలోది ముందుకి చాపాను. మిస్ ఓపల్ చెప్పింది చెప్పినట్టు అప్పజెప్పాను. వాడు రెండూ పక్కపక్కన పెట్టి చూశాడు. నాది తెల్లగా ఉంది, ఒక పక్క వాడి బ్యాటుకి రాసుకునే జిగురు గోధుమరంగు మరక ఉంది. వాడిది గడ్డి పసరు పట్టి, కుట్టు ఊడి, ముసలి బంగాళాదుంపలా ఉంది. అంతమంది సంతకాలు పెట్టారు, ఒక్కడూ గమనించలేదు. ఎమ్మెట్ బస్సు మెట్టు మీద కూలబడి నవ్వాడు. నవ్వుతూనే మణికట్టుతో కళ్ళు తుడుచుకున్నాడు.

"డీకన్ని ఎందుకు లాక్కొచ్చావే మధ్యలో?"

"నీ భుజాలు దించడానికి."

వాడు మరక ఉన్న బంతి నా చేతిలో పెట్టి, అమ్మకి ఇవ్వమన్నాడు. సంతకాలది తనే ఉంచుకుంటానన్నాడు, అది వాడి జట్టువాళ్ళ గుర్తు కదా. తర్వాత సంచీలో చెయ్యి పెట్టి వెతికి, సాధనకి వాడే బంతి ఒకటి బయటికి తీశాడు.

"ఇది ఆ పొడుగు వాడికియ్యి. జేబు ఖాళీగా ఉంటుంది. రేపు ఇంకొకడు కొట్టొచ్చు."

మర్నాడు మళ్ళీ కార్డు కీచుమంది, మళ్ళీ గట్టెక్కాను. డచ్ పక్కన దుప్పటి పరిచి, మాట్లాడకుండా ఆ బంతి వాడి కోటు జేబులో వేశాను. వాడు కంచె వైపు చూస్తూ, మీ అన్నది మంచి దెబ్బ అన్నాడు.

ఆ రోజు కోచ్ ఎడమ మూలకి వేరేవాణ్ణి దింపాడు. ఎమ్మెట్ మళ్ళీ బెంచీ మీదే. బెంచీ ఇవాళ కడుపునిండా తింది అని ఎవరో అరిచారు. అంత దూరం నుంచి వాడు టోపీ ఊపాడు.

ఐదో ఇన్నింగ్స్‌లో వాళ్ళ మొదటి ఏడాది కుర్రాడొకడు, మొహం మీద ఇంకా మొటిమలున్నవాడు, మా గట్టు మీదికి కొట్టాడు. డచ్ గ్లవ్వులో పడింది. గట్టంతా లేచింది. అందరికంటే ముందు లేచింది నేనే. విసిరెయ్ డచ్, విసిరెయ్ అని గొంతు పగిలేలా అరిచాను. డచ్ అవతలికి తిరిగి కోటు సర్దుకుని విసిరాడు. బంతి కంచె దాటి గడ్డి మీద దొర్లుకుంటూ పోయింది.

అక్కడ బెంచీ మీద ఎమ్మెట్ ఒక్కడే లేచి నిలబడ్డాడు. నిన్న నా చేత పంపిన తన బంతి వస్తుంటే చూసి, మా గట్టు వైపు తిరిగి, టోపీ తీశాడు.