గోడ దిగిన పిల్లి

శాసనసభలో పన్నెండేళ్ళు కూర్చుని కూడా ఆయన ఎవరికీ "కాదు" అని చెప్పిన పాపాన పోలేదు. పన్ను పెంచాలన్నవారికి తల ఊపారు. తగ్గించాలన్నవారికీ అదే తల ఊపారు. తోటి సభ్యులు "గోడమీద పిల్లి" అని పేరు పెడితే, దానిమీద కూడా "పరిశీలిద్దాం" అన్నారు. శత్రువు లేని మనిషన్న ఖ్యాతి, ఎప్పుడో చదివిన న్యాయశాస్త్రం కలిసి చివరికి ఆయనను జడ్జి కుర్చీలో కూర్చోబెట్టాయి. వచ్చిన చిక్కల్లా ఒక్కటే: ఆ కుర్చీకి ఎదురుగా ఎప్పుడూ ఇద్దరుంటారు, వారిలో ఒకరు ఓడి ఇంటికి పోవాలి.

మందుల దుకాణదారు తన గది ఖాళీ చేయించమని దర్జీమీద దావా వేశాడు. ఒప్పందం గడువు తీరింది, యజమానికి గది అవసరం, చట్టం అతని పక్షాన ఉంది. ఈ సంగతి జడ్జిగారికి మొదటిరోజే తెలుసు. అయినా దర్జీ ముఖం చూడగానే కలం పాతదారి పట్టింది: "యజమాని అవసరాన్ని గుర్తిస్తూనే, అద్దెదారు జీవనాధారాన్ని గౌరవిస్తూ, తగిన కాలంలో తగిన ఏర్పాటు జరుగవలెను." సభలోనైతే ఇలాంటి వాక్యానికి బల్లలు చరిచేవారు.

"ఇద్దరూ నవ్వుతూ వెళ్ళారోయ్!" అన్నారు ఇంటికి రాగానే భార్యతో.

"ఇంతకీ గది ఎవరిదండీ?"

"అదంతా తీర్పులో ఉంది."

"ఉంటే మంచిదే. కిటికీ పరదాకి ఏ రంగు అని మూణ్ణెల్లుగా అడుగుతున్నాను. అదీ తీర్పులోనే ఉందా?"

ఏడాది తిరిగేసరికి ఆ ఇద్దరూ మళ్ళీ కోర్టుకు వచ్చారు, తీర్పుకు అర్థం చెప్పమని.

"నేను గెలిచానని మా లాయరు ఫీజు కూడా తీసుకున్నాడు సార్. మందుల పెట్టెలు మాత్రం ఇప్పటికీ మా పడగ్గదిలోనే ఉన్నాయి," అన్నాడు దుకాణదారు.

దర్జీ చేతులు నలుపుకుంటూ లేచాడు. "అయ్యా, గది పైకప్పు కారుతోంది. ఉండమంటే రేకులు మార్పించుకుంటా. పొమ్మంటే పోతా. ఉండాలో పోవాలో తెలీక, ఏడాదిగా మిషను మీద గొడుగు కట్టి కుడుతున్నా."

కోర్టులో నవ్వులు లేచాయి. జడ్జిగారూ నవ్వబోయారుగాని, ఆ గొడుగు కట్టించింది ఎవరో గుర్తొచ్చి ఆగిపోయారు. "తగిన" అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. చేదుమాత్రలా దాన్ని మింగారు.

"ఖాళీ చెయ్యాలి," అన్నారు. "మూడు నెలల్లో."

ఎవరూ బల్ల చరచలేదు.

దర్జీ నమస్కారం పెట్టాడు. "ఈ ముక్క నిరుడే చెప్పుంటే వానలో మిషను తుప్పు పట్టేది కాదు కదయ్యా!"

'ఆ సంగతి నేను చూసుకుంటాలే' అనడానికి నోరు అలవాటుగా తెరుచుకుంది. అది పాత నియోజకవర్గపు నోరు. ఆయన బలవంతాన మూసేశారు. దర్జీ తల వంచుకుని వెళ్ళిపోయాడు. ఒక ఓటు పోయిందని ఆయన మనసు లెక్కవేసింది. ఇక పోటీ చేసేది లేదన్న సంగతి దానికి ఇంకా తెలియదు కాబోలు.

ఆ సాయంత్రం కాఫీ చల్లారిపోతున్నా ముట్టుకోలేదు.

"ఇవాళ ఒకణ్ణి ఏడిపించానోయ్."

"ఒక్కణ్ణేగా!" అంది భార్య. "ఏడాదిగా ఇద్దర్నీ ఏడిపించారు. ఆ లెక్కన బాగుపడ్డట్టే."

ఆయన కుర్చీలోంచి లేచి, పరదా కోసం సోఫా మీద పరిచిన నమూనా గుడ్డల వైపు వేలు చూపించారు. "ఆ పచ్చది. పరదాకి అదే. మారు మాట్లాడకు."

"అది బల్ల తుడిచే గుడ్డండీ!"

జడ్జిగారికి దిగిన గోడ మళ్ళీ కాళ్ళకు తగులుతున్నట్టే ఉంది. అయినా గొంతు సవరించుకున్నారు.

"తీర్పు తీర్పే. కావాలంటే అప్పీలుకు వెళ్ళు."