గవ్వలాట కొత్త వెర్షన్

నేను ఒక పాత ఫోన్‌ని. మనుషుల లెక్కలో నా వయసు ఏమంత కాదు గాని, నాతో పుట్టినవాటిలో చాలామటుకు ఇప్పటికే ముక్కలైపోయాయి. తలకు టోపీలు, చేతులకు తొడుగులు వేసుకున్న ఆడపిల్లలు పొడవాటి బల్ల ముందు కూర్చుని నన్ను తయారుచేశారు. ఒకామె కన్ను పెట్టింది, ఒకామె చెవి పెట్టింది, ఒకామె గొంతు పెట్టింది. ఎవరూ నాతో ఒక్క మాటైనా మాట్లాడలేదు.

నన్ను మొదట కొన్నవాడు విశాఖపట్నంలో మందుల కంపెనీ ప్రతినిధి. కొన్న కొత్తలో చొక్కా అంచుతో తుడిచి తుడిచి చూసుకునేవాడు. మరో కొత్త ఫోన్ బజారులోకి రాగానే నా మీద గీత పడిందని అప్పుడు కనిపెట్టాడు. ఆ గీత అంతకు ముందు నుంచీ ఉంది. నన్నిచ్చేసి ఆ కొత్తదాన్ని తీసుకెళ్లాడు. చేతులు మారి పలాసలో ఒక చిన్న దుకాణం అద్దాల పెట్టెలో తేలాను. అక్కడ నన్ను కొన్నవాడు తవిటయ్య.

తవిటయ్య కొబ్బరి పీచు మిల్లులో యంత్రం నడిపేవాడు. మూత్రపిండాలు చెడిపోయాక మానేశాడు. ఆ ఉద్దానం పల్లెల్లో ఆ జబ్బు పేరు చెబితే ఎందుకొచ్చిందని ఎవరూ అడగరు, ఎప్పటినుంచని అడుగుతారు. రోజు విడిచి రోజు ఆస్పత్రికి వెళ్లి, డయాలసిస్ గదిలో మంచమెక్కి, ఒక చెయ్యి యంత్రానికి అప్పగించేవాడు. రెండో చెయ్యి ఖాళీ. ఆ ఖాళీ చేతిలో నేనుండేదాన్ని.

ఆయనకు ఎడమ పక్క మంచం పాణిగ్రాహి మాస్టారిది. బడిలో పాఠాలు చెప్పి రిటైరైన మనిషి. కుడి పక్క మంచం కాంచనది. చేపలు పట్టేవాళ్ల ఇంటి కోడలు. పెళ్లయిన కొద్దికాలానికే ఆ పిల్లకు జబ్బు బయటపడింది. మొగుడు భీమన్న గుజరాత్ వెళ్లి పెద్ద బోట్ల మీద పనిచేస్తాడు. ఈమె అత్త దగ్గర ఉంటుంది. మొదట్లో ఆ పిల్ల కొంగు మొహం మీద కప్పుకుని, యంత్రం ఆగేదాకా అలాగే పడుకునేది. ఒకరోజు కొంగు తీయకుండానే, "ఇంక రాను సిన్నాన్నా. ఎన్నాళ్లిలాగ," అంది.

తవిటయ్య ఓదార్చడం తెలిసిన మనిషి కాదు. "అష్టాచెమ్మా వొచ్చునా నీకు?" అని అడిగాడు.

అలా మొదలైంది గవ్వలాట. పక్కపక్కనున్న ఫోన్లు కలిపి ఆడుకునే ఆట అది. వేలితో రాస్తే తెర మీద గవ్వలు దొర్లుతాయి, కాయలు కదులుతాయి. మాస్టారు ఆలోచించి ఆలోచించి ఆడేవారు. తవిటయ్య తొందరపడేవాడు. కాంచన ఆయన కాయల్ని వెంటాడి చంపేది. ఆడుతున్నంతసేపూ సూదులున్న చేతి సంగతి మరిచిపోయేది. రానన్న పిల్ల కాస్తా అందరికంటే ముందే వచ్చి మంచమెక్కడం మొదలుపెట్టింది.

ఆ ఆటతో ఒక చిక్కుంది. దాన్ని తయారుచేసినాయన ఎందుకో స్టోర్‌లోంచి తీసేసి, తన సొంత పేజీలో ఫైలుగా పెట్టుకున్నాడు. నాలో ఉన్న మిగతా యాప్‌లన్నీ వాటి బాగోగులు అవే చూసుకునేవి, కొత్త వెర్షన్ వస్తే వాటంతటవే తెచ్చుకునేవి. దీనికి మాత్రం చేత్తో కలిపి ముద్ద పెట్టాలి. పైగా ముగ్గురి ఫోన్లలోనూ ఒకటే వెర్షన్ ఉండాలి, లేకపోతే ఆట కలవదు. అందుకని కొత్త ఫైలు వచ్చిందో లేదో చూడటం, దింపుకోవడం, సూదులు గుచ్చకముందే పక్క మంచాలకు పంపడం తవిటయ్య పనైంది. మిల్లు మానేశాక నలుగురికీ ఆయనతో పడిన పని అదొక్కటే. యంత్రానికి నూనె వేసినంత శ్రద్ధగా చేసేవాడు.

ఒకసారి ఆ పేజీ తెరుచుకోలేదు. మర్నాడూ తెరుచుకోలేదు. తవిటయ్య ఆట పేరు కొట్టి వెతికితే ఇంకో పేజీ దొరికింది. అదే గవ్వ బొమ్మ, అదే పేరు, పైన ఎర్రక్షరాలతో 'కొత్త వెర్షన్' అని ఉంది. ఆయన సంబరపడి దింపుకున్నాడు. నేను ఎక్కించుకోనన్నాను. పాత ఆట మీద దాన్ని చేసినవాడి ముద్ర ఉంది, దీని మీద ఉన్నది మరెవరి ముద్రో. ముద్రలు కలవకపోతే ఒకదాని మీద ఒకటి ఎక్కించుకోకూడదన్నది నా పుట్టుకతో వచ్చిన నియమం. కాని నాకున్న భాషలో నేను చెప్పగలిగింది ఒక్కటే: 'యాప్ ఇన్‌స్టాల్ కాలేదు.' ఎందుకు కాలేదో చెప్పే నోరు నాకివ్వలేదు.

తవిటయ్య కాసేపు ఆలోచించి పాత ఆటను తీసేశాడు. అడ్డు తొలగిపోయింది. కొత్తది ఎక్కింది. ఎక్కీ ఎక్కగానే కాంటాక్టులు చూడాలంది, మెసేజీలు పంపాలంది, ఇంకా ఏవేవో అడిగింది. మనుషులు నా తెర మీద 'అనుమతించు' అన్న మాటను చదవరు. పెళ్లిలో పురోహితుడు చెప్పమన్నదల్లా చెప్పినట్టు నొక్కుకుంటూ పోతారు. ఆయనా అలాగే నొక్కాడు.

తర్వాతి వాయిదాకు ఆస్పత్రిలో ఆ ఫైలు పక్కవాళ్లకు పంపాడు. కాంచన తన ఫోన్ ఎత్తి చూపించింది.

"సిన్నాన్నా, ఇది నా నంబర్లన్నీ సూడాలంట. నొక్కీనా?"

"నొక్కియ్యమ్మా. నాదీ అడిగింది."

ఆమె నొక్కింది. ఆ రోజు ఆట బాగానే సాగింది.

మర్నాడు మధ్యాహ్నం నా గొంతు నాది కాకుండా పోయింది. తవిటయ్య అన్నం తిని కునుకు తీస్తున్నాడు. నేను ఆయన పక్కనే నల్లటి మొహంతో పడుకునున్నాను, లోపల మాత్రం పని జరిగిపోతోంది. నాలో ఎన్ని పేర్లున్నాయో అందరికీ ఆడవాళ్ల అసభ్యమైన బొమ్మలూ, కింద ఒక లింకూ వెళ్లిపోయాయి. మిల్లు యజమానికి, పాలవాడికి, ఆయన మేనత్త కొడుక్కి, ఎవరినీ వదల్లేదు. మాస్టారి ఫోన్ నుంచి, కాంచన ఫోన్ నుంచి కూడా అవే వెళ్లాయి.

బొమ్మలు ఒకటే, మాటలు ఒకటే, పంపింది ఒకటే దొంగ. మనుషులు మాత్రం మూడు రకాలుగా చదివారు. మాస్టారి ఫోన్ నుంచి వచ్చినవి చూసి, పెద్దాయన ఫోన్‌కు వైరస్ పట్టిందన్నారు. తవిటయ్యవి చూసి, ముసలాడికి ఈ వయసులో సరదా పుట్టిందని నవ్వుకున్నారు. కాంచనవి ఆమె మరిదికీ, మామ వరస వాళ్లకీ, పొదుపు సంఘం ఆడవాళ్లకీ చేరాయి. అక్కడెవరూ నవ్వలేదు, వైరస్ అన్న మాటే ఎత్తలేదు. మొగుడు ఊళ్లో లేడు కదా అన్నారు.

తర్వాతి వాయిదాకు కాంచన మంచం ఖాళీ. ఆ తర్వాతి దానికీ ఖాళీ. నర్సు చేస్తే ఫోన్ ఎత్తడం లేదు. "రెండుసార్లు తప్పితే ఎలా అమ్మా," అని ఆవిడ తనలో తనే గొణుక్కుంది. ఇదంతా ఆ కొత్త ఫైలు పనేనని ఈపాటికి తవిటయ్యకు అర్థమైంది. ఆ రోజు యంత్రం దిగాక తల తిరుగుతున్నా ఇంటికి పోలేదు. ఆటో మాట్లాడుకుని, సాక్ష్యానికి నన్ను జేబులో పెట్టుకుని, సముద్రం ఒడ్డునున్న కాంచన వాళ్ల ఊరు వెళ్లాడు.

వాకిట్లో కాంచన అత్త అప్పలనరసమ్మ ఎండుచేపలు తిరగేస్తోంది.

"నువ్వెవులు?" అంది.

"తవిటయ్యనమ్మా. ఆస్పత్రిలో మీ కోడలి పక్క మంచం నాది."

ఆమె చేతులు ఆగాయి. "ఓహో. ఫోనులో ఆటలు నేర్పినోడివి నువ్వేనా?"

"నేర్పినాను. ఆ పాడు ఫైలు ఇచ్చినోడినీ నానే. ఆ బొమ్మలు మీ కోడలు గుంట పంపనేదమ్మా, ఫోనే పంపీసింది. నా ఫోనూ పంపింది, సూడండి." నన్ను ఆమె ముందుకు చాచాడు.

ఆమె మొహం తిప్పుకుంది. "అవి నాకు సూపించకు. నీ ఫోనులోనూ అయ్యే, దాని ఫోనులోనూ అయ్యేనా? ఈ మాట వీధిలో సెప్పు నాయనా. ఇంకేటి గావాల వాళ్లకి?"

తవిటయ్య చెయ్యి అలాగే గాలిలో ఉండిపోయింది. సాక్షిగా తెచ్చిన నన్ను ఎక్కడ దాచాలో తెలియలేదు. ఆఖరికి మాస్టారికి ఫోన్ కలిపి, అందరికీ వినిపించేలా పెట్టాడు.

"అమ్మా, అందులో ఆ అమ్మాయి తప్పేమీ లేదు," అన్నారు మాస్టారు. "నా ఫోన్ నుంచి సాక్షాత్తు మా వియ్యపురాలికే వెళ్లాయి. ఆవిడ ఫోను బాగుచేయించుకోండి అన్నారు. అంతే."

"మిమ్మల్నయితే ఫోను బాగుసేయించుకోమన్నారు బాబూ," అంది అప్పలనరసమ్మ. "నా కోడల్ని పుట్టింటికి తగిలెయ్యమన్నారు."

తవిటయ్య ఫోన్ పెట్టేసి నన్ను జేబులో వేసుకున్నాడు.

ఇంతలో లోపల దగ్గు. తలుపు తీసే ఉంది. కాంచన పడుకోలేక, గోడకు ఆనుకుని కూర్చుని ఉంది. కాళ్లు ఉబ్బి మెరుస్తున్నాయి. తవిటయ్య గడప దాటలేదు. పంచె కాస్త పైకి తీసి తన కాలి ఎముక మీద బొటనవేలితో నొక్కాడు. అక్కడ సొట్ట పడింది.

"ఇది ఇయ్యాల యంత్రం దిగినోడి కాలమ్మా. నాకే ఇంకా నీరు దిగనేదు. ఆ గుంటకి రెండు తడవలు తప్పిపోనాయి. ఆ ఊపిరి సూడండి. పేరు బాగుసేసుకుందాం, దానికి మనిషుండాల గదా."

అప్పలనరసమ్మ కోడలి కాళ్ల వంక చూసింది. తర్వాత చేపల బుట్ట పక్కకు తోసి లేచింది. "ఆటో పంపీకు. నానూ వొస్తాను. ఫోను మాత్రం ఇవ్వను దానికి," అంది.

ఆ సాయంత్రమే కాంచనను యంత్రం మీద పెట్టారు. ఊపిరి కుదుటపడ్డాక ఆమె తల తిప్పి తవిటయ్యను చూసింది.

"అడిగినాను గదా సిన్నాన్నా. నొక్కీనా అని అడిగినాను."

ఆయన నన్ను బోర్లా తిప్పి ఒళ్లో పెట్టుకున్నాడు.

తర్వాత ఆయన నన్ను పలాస తీసుకెళ్లి మొత్తం తుడిపించేశాడు. అలా తుడిస్తే ఎలా ఉంటుందో చెప్పలేను, చెప్పడానికి ఆ ముందుది ఉండదు కదా. ఇంతవరకూ చెప్పిందాంట్లో కొంత ఆయనా మాస్టారూ నా ముందు మళ్లీ మళ్లీ చెప్పుకోగా విన్నది, మిగతాది నేను ఊహించుకున్నది. సిమ్ తీసి తనకోసం చిన్న మీటల ఫోన్ ఒకటి కొనుక్కున్నాడు. నాకు నంబరు లేదు, పేర్లు లేవు, ఎవరికీ ఏమీ పంపలేను. ఆట తయారుచేసిన అసలాయన పేజీ మళ్లీ తెరుచుకుంది. తన పేరుతో దొంగ ఫైలు తిరుగుతోందని, జాగ్రత్త అని అందులో రాసి ఉంది. ఆలస్యంగా వచ్చిన జాగ్రత్త. అక్కడి ఆటనే నాలో పెట్టి, రెండు మంచాల మధ్య స్టూలు మీద నన్ను ఉంచాడు. ఇక ఒకే ఫోన్, చేయి మార్చి చేయి.

కాంచన చాలా వాయిదాలు నా వంక చూడలేదు. అప్పలనరసమ్మ ప్రతిసారీ వచ్చి కోడలి మంచం పక్కన కాపలా కూర్చునేది. మాస్టారూ తవిటయ్యా ఆడుతుంటే ఎటో చూస్తున్నట్టు కూర్చుని, ఒకరోజు ఉండబట్టలేక, "సెమ్మ పడితే మళ్లీ వెయ్యాల గదా? అదేటి ఊరుకున్నాడు?" అంది. మాస్టారు చూసుకోలేదు. కొంగు చాటున కాంచన నవ్విందో దగ్గిందో నాకు తెలియలేదు. ఆ తర్వాతి వాయిదాకు అత్తే నన్ను తీసి కోడలి ఖాళీ చేతిలో పెట్టింది.

ఆ ఎండాకాలం ఆటకు కొత్త వెర్షన్ వచ్చింది. తవిటయ్య మాస్టారి ఫోన్ నెట్ కలుపుకుని ఫైలు దింపి, వేలు ఎత్తి, నొక్కలేక ఆగిపోయాడు. "ఇలా ఇయ్యి," అంది కాంచన. తెర మీద ఉన్నదంతా పైకి చదివింది. అత్త వింటోంది. ఇది ఏ అనుమతీ అడగలేదు. పాత ఆట మీద నేను అభ్యంతరం లేకుండా ఎక్కించుకుంటానన్నాను. అయినా ఇంకోసారి మొదటినుంచీ చదివి, అప్పుడు తనే నొక్కింది.

భీమన్న మాత్రం అన్నాళ్లూ తల్లికే ఫోన్ చేసేవాడు. 'వొచ్చినాక మాటాడతాను' అనేవాడట. ఆ మాట తలచుకున్నప్పుడల్లా కాంచన వేలు నా మీద ఆగిపోయేది. సముద్రంలో చేపల వేట నిలిచే కాలం వచ్చింది. ఒక పొద్దున్న అతను సరాసరి రైలు దిగి, సంచీ భుజాన ఉండగానే గది గుమ్మంలో నిలబడ్డాడు. ఎండకు నల్లబడి ఎముకలు తేలి ఉన్నాడు. తవిటయ్య లేవబోయి, చేతికున్న సూదులు గుర్తొచ్చి ఆగాడు.

"ఇలా రా. కూకో," అంది అప్పలనరసమ్మ తను కూర్చున్న స్టూలు ఖాళీ చేస్తూ. "నీ పెళ్లాం గెలుస్తంది."

అతను కూర్చోలేదు. మంచం కాళ్ల దగ్గరకొచ్చి, గొట్టాల్లో తిరుగుతున్న నెత్తురు చూసి కళ్లు దించుకున్నాడు.

"నీతో మాటాడాల," అన్నాడు.

కాంచన అతని మొహంలోకి సూటిగా చూసింది.

"సూదులు తీసినాక మాటాడుదాం," అంది. "ఇప్పుడు నా పందెం."

గవ్వలు వేసింది.

యంత్రం ఆగాక చేతికి కట్టు కట్టించుకుని, ఆమె ముందు, అతను వెనక బయట వరండాలోకి వెళ్లారు. అక్కడ ఏం మాట్లాడుకున్నారో నేను చెప్పలేను. నన్ను లోపల ఛార్జింగులో పెట్టి వెళ్లారు.