ఎదురుచూపుల నూలు

అగ్బోవి ఊళ్లో కాలం నేసే నేతగాళ్ల సంఘానికి ఉన్నంత పేరు ఇంకెవరికీ లేదు. చెప్పిన వేళకు చెప్పిన పని చెయ్యకపోవడంలో కూడా వాళ్లకు సాటి లేరు. పొద్దున్నే సమావేశం అంటారు, మేకలు ఇంటికి మళ్లే వేళకు ఒక్కొక్కరే ఆవులిస్తూ వస్తారు. బద్ధకమనుకునేరు, కాదు మహాప్రభో, వ్యాపారం! మనిషి దేనికోసమో ఎదురుచూస్తూ కూర్చున్నప్పుడు ఊరికే పోయే పొద్దుంటుంది చూడండి, దాన్ని ఏరుకొచ్చి ఈ మహానుభావులు నూలు వడుకుతారు. ఆ నూలుతో సన్నటి పట్టీలు నేసి, పక్కపక్కన పెట్టి కుట్టి బట్ట చేస్తారు. అది కప్పుకున్నవాడికి ఇంకొంత ఆయుష్షు కలిసొస్తుంది. కప్పుకునేది ఎప్పుడూ పెద్దవాళ్లే. అరుగు మీద పడిగాపులు పడేది ఎప్పుడూ మనలాంటివాళ్లే.

సెలోమ్ అక్కడ శిష్యుడు. మీసం రాకముందు చేరాడు, ఇప్పుడా మీసంలో తెల్లవెంట్రుకలు కూడా వచ్చేశాయి. పని రాదా అంటే, వంక పెట్టడానికి లేదు. కానీ గురువు గామెలి నలుగురి ముందూ నేలమీద జిన్ను సారా ఒలకబోసి "వీణ్ణి వదిలేస్తున్నా" అంటే తప్ప శిష్యుడు సొంత మగ్గం పెట్టకూడదు. సొంత మగ్గం లేనివాడికి, సెలోమ్ మనసుపడ్డ డెలాలిని ఆమె తండ్రి ఇవ్వడు. డెలాలి లేకపోతే నాకు మగ్గమెందుకని సెలోమ్ కనబడిన ప్రతివాడితోనూ అనేవాడు.

"తాతా, నన్నెప్పుడు వదుల్తావ్?"

"తొందరేంట్రా? వానలు వెలవనీ" అనేవాడు గామెలి. వానలు వెలిస్తే చేపల కాలం పోనీ అనేవాడు. అది పోతే, వానలు రానీ అనేవాడు.

ఆ మాటే మోసుకుని సెలోమ్ ఊరి పక్క ఉప్పునీటి సరస్సు, ఉప్పుకయ్య ఒడ్డుకు వెళ్లేవాడు. డెలాలి అక్కడ మట్టిపొయ్యిల మీద చేపలకు పొగ పెడుతూ ఉండేది.

"ఇంకొన్నాళ్లు ఓపిక పట్టవే."

"ఓపిక పట్టీ పట్టీ చేతులు పడిపోతున్నాయి. పొగ పెడితే చేపలన్నా దారికొస్తాయి గానీ, మీ ముసలాడు రాడేం?"

ఆ ఏడు ఊరి పెద్దనాయకుడికి జబ్బు ముదిరింది. పండగలోగా ఆయనకు బట్ట కప్పాలని కబురొస్తే, గామెలి ఆ నేత సెలోమ్ చేతికిచ్చాడు. ఎలాంటి నూలనుకున్నారు! తెల్లగా, వెన్నలా, ఎంత లాగినా తెగని నూలు. నూలు చుట్టిన కండె మీదున్నది ఎవరి ఎదురుచూపో అడగకూడదని సంఘం కట్టుబాటు. సెలోమ్ అడగలేదు. పైగా మురిసిపోయాడు.

"ఎవరోగానీ తాతా, ఎంత బాగా ఎదురుచూస్తున్నారో!"

"బంగారం లాంటి మనిషిలేరా" అన్నాడు గామెలి, ముక్కుపొడుం పీలుస్తూ. సిగ్గుండాలి ముసలాడికి!

ఆఖరి పట్టీ ఇంకో జానెడు ఉందనగా, నాయకుడి మనుషులు బట్ట కోసం వాకిట్లో కూర్చునుండగా, మిట్టమధ్యాహ్నం డెలాలి నెత్తిన చేపల గంపతో నేరుగా మగ్గం దగ్గరికొచ్చింది. గంప కిందికి దించింది.

"చెప్పిపోదామని వచ్చాను సెలోమ్. నేనింక నీకోసం ఎదురుచూడను."

అనడమే ఆలస్యం, మగ్గంలో అటూ ఇటూ ఆడుతున్న నాడెలో నూలు పుటుక్కున తెగింది. సెలోమ్ ముడేశాడు. మళ్లీ తెగింది. ఇంకో కండె అందుకుంటే దాని మీద ఉత్త పుల్లే ఉంది.

సెలోమ్ ఆ పుల్లను ఆమె ముందుకు చాపాడు. "ఇదంతా... నీదా?"

డెలాలి బట్టను చేత్తో తడిమి చూసింది. "నా వయసంతా తెచ్చి ఇక్కడ పరిచారన్నమాట! మీ చేతులు పడిపోను! ఎవడికిరా కప్పుతారు దీన్ని?"

గామెలి పరుగెత్తుకొచ్చాడు. ఆయన పరుగెత్తడం ఊళ్లో ఎవరూ చూసెరగరు.

"అమ్మా, తల్లీ, జానెడే మిగిలింది! పొద్దుగూకేదాకా ఎదురుచూడు, చాలు. వీణ్ణి ఇప్పుడే, ఇక్కడే వదిలేస్తా. ఒరేయ్, జిన్ను తెండ్రా!"

డెలాలి ఆయన వైపు చూడనైనా లేదు. "నువ్వు చెప్పు సెలోమ్" అంది.

సెలోమ్ మగ్గాన్ని చూశాడు. మిగిలిన జానెడు ఖాళీని చూశాడు. ఎవడో పరుగున తెచ్చిన సీసాను కూడా చూశాడు. చెప్పొద్దూ, నాకు వాణ్ణి లాగి ఒకటివ్వాలనిపిస్తుంది.

"జానెడేగదే... ఒక్క పూట ఆగు."

డెలాలి నడుముకు గుడ్డ బిగించుకుని, గంప నెత్తికెత్తుకుని వెళ్లిపోయింది.

సంఘం పెద్దలంతా మాత్రం ఆ రోజు చిత్రంగా వేళకే వచ్చారు. సీసా తెరిచారు కదా మరి. గామెలి నేలమీద జిన్ను ఒలకబోసి, అందరికీ వినబడేలా అన్నాడు.

"చేతికి పని ఎవడికైనా వస్తుందిరా. ఒక్క పూట ఆగమని సొంత మనిషితో అన్నావు చూడు, అదీ విద్యంటే! వీణ్ణి వదిలేస్తున్నా."

చేతికిచ్చిన గ్లాసు అక్కడే పడేసి సెలోమ్ వీధి వాకిలికి ఉరికాడు. డెలాలి కనబడలేదు. కోపం తగ్గితే తనే వస్తుందనుకున్నాడు, ఎన్నిసార్లు అలిగెళ్లి మళ్లీ తిరిగి రాలేదూ! గుమ్మం పట్టుకుని, ఉప్పుకయ్య దారివైపే చూస్తూ నిలబడ్డాడు. పొద్దు వాలింది. లోపల గామెలి భార్య మొక్కజొన్న ముద్ద, చేపల పులుసు వడ్డించి, అతన్ని పిలవడానికి లేచింది.

"పిలవొద్దే" అన్నాడు గామెలి, రాట్నం ముందుకు లాక్కుంటూ. "అలాగే నిలబడనీ. ఆ జానెడు నూలు వీడిస్తాడు."