గొలుసు లెక్క

పొయ్యి మీద అన్నం ఉడుకుతూ ఉండగానే అప్పలనర్సమ్మ వంటగది గోడకు గునపం తగిలింది. తాల్‌బగీచాలో, పట్టపగలు, నేను కళ్ళారా చూసిన అన్యాయం ఇది. చెప్పవలసిన బాధ్యత నాది. విని మరచిపోయే హక్కు, కార్మికులారా, విద్యార్థులారా, మీకు లేదు.

అది 1967. రోడ్డు మొదలుకొని ఒకే వరసలో ఏడు ఇళ్ళు. అందరూ శ్రీకాకుళం వైపు నుంచి బెంగాలుకు వచ్చి రైల్వే వర్క్‌షాపులో చక్రాల పని చేసేవారే. ఏడో ఇల్లు వితంతువు అప్పలనర్సమ్మది. దానిని ఆనుకొని నగరేశ్వరరావు అనే కాంట్రాక్టరు కలప అడితి.

మొదటి ఇంటి గోవిందరావుకూ రెండో ఇంటి వెంకటరావుకూ కంచె దగ్గర తగాదా వచ్చినప్పుడు నగరేశ్వరరావు తానే మధ్యవర్తిగా వచ్చాడు. "కోర్టుకెక్కి బెంగాలీల ముందు నవ్వులపాలవడమెందుకు? మనం మనం తెలుగువాళ్ళం" అన్నాడు. భూమి కొలిచే ఆమీనును కూడా తానే పిలిపించాడు. మన భాష మాట్లాడాడు కనుక మనవాడేనని వాళ్ళు నమ్మారు. ఆ తప్పుకు మూల్యం ఆ వరస అంతా చెల్లించింది.

ఆమీను రోడ్డు నుంచి గొలుసు పరుస్తూ పోయి కొత్త రాళ్ళు పాతాడు. గోవిందరావు హద్దు జానెడు లోపలికి జరిగింది. వెంకటరావు హద్దు రెండు జానలు, ఆ పక్కవాడిది మూడు. ప్రతివాడూ తన పక్కవాడినే దొంగ అన్నాడు. వరస చివర ఏమవుతున్నదో ఎవరూ చూడలేదు. అక్కడ హద్దు ఏడు జానలు జరిగి, అప్పలనర్సమ్మ వంటగది కాంట్రాక్టరు నేలలో పడింది. ఆ రోజు ఆమీనుతో, కూలీలతో కాంట్రాక్టరు వచ్చింది అందుకే.

వర్క్‌షాపు కూత వేసింది. మగవాళ్ళు సైకిళ్ళ మీద వచ్చారు. గోడ పడుతూ ఉన్నా వాళ్ళ పాత పోట్లాట ఆగలేదు.

"ఒరే ఎంకట్రావ్, నీ కంచెకి కాళ్ళొచ్చినాయేటి? నా పెరట్లోకి నడిసొచ్చీసింది!"

"నోరు ముయ్యి గోయిందూ! నా వసారా నా పక్కింటోడు మింగీసినాడు. ముందు ఆడినడిగి, తరవాత నన్నడుగు."

అప్పలనర్సమ్మ గరిటెతో బయటికి వచ్చింది. ఏడవలేదు.

"మీ దెబ్బలాట తగలెయ్య! మా పెనిమిటి ఎర్రయ్య బతికున్నన్నాళ్ళూ సెక్రం కొలిసే ముందు, ఆ కొలిసే గేజీనే కొలిసీవోడు. గోడకున్న అసలు గేజీతోటి సరిసూడకుండా పని ముట్టీవోడు కాదు. మీరూ రోజూ సేసే పనే కదేటి? మరి ఈ బాబు గొలుసుని ఎవుడు కొలిసినాడు?"

చక్రంలో వెంట్రుకవాసి తేడాను పట్టే చేతులన్నీ సిగ్గుతో కిందికి వాలాయి.

ఆమీను గబగబా గొలుసు చుట్టబోయాడు. "సర్కారీ చెయిన్ హై! హాథ్ మత్ లగావ్!" అంటూ, సర్కారు గొలుసును ముట్టుకోవద్దని కసిరాడు.

నగరేశ్వరరావు మెత్తగా నవ్వాడు. "ఆడదానివి, నీకెందుకమ్మా ఈ లెక్కలు? మనలో మనం..."

"మనలో మనం అనీకి, నువ్వు మా వరసలో ఏ ఇంటోడివి బాబూ?" అని ఆమె గొలుసు మీద కూర్చుంది.

ఒక కొస గోవిందరావు పట్టుకున్నాడు, రెండో కొస వెంకటరావు. గొలుసుకు వంద లింకులుండాలి. ప్రతి పదింటికీ ఒక ఇత్తడి బిళ్ళ ఉంటుంది. గొలుసు చేతి నుంచి చేతికి సాగింది. జనమంతా బిగ్గరగా లెక్కపెట్టారు. మూడో బిళ్ళకూ నాలుగో బిళ్ళకూ మధ్య తొమ్మిదే. ఎనిమిదికీ తొమ్మిదికీ మధ్య మళ్ళీ తొమ్మిదే.

"తొంభై ఎనిమిది!"

గొలుసు కురచ కనుక నేల కురచైంది. ఇంటికి జానెడు చొప్పున ఏడిళ్ళ నేల అడితిలో చేరింది.

"నీ జానెడు నాను తిన్లేదురా గోయిందూ" అన్నాడు వెంకటరావు.

"తెలిసింది బావా. నీ కొస వదలకు."

నగరేశ్వరరావు ఫిర్యాదు మీద సాయంత్రం పోలీసులు వచ్చారు. నేల దొంగ కోసం కాదు, గొలుసు దొంగ కోసం. దరోగా అప్పలనర్సమ్మ చెయ్యి పట్టుకొని వ్యానులోకి ఈడ్చాడు. గొలుసు కొస ఆమె మణికట్టుకు చుట్టి ఉంది, మిగిలినదంతా జనం చేతుల్లో ఉంది. వ్యాను తలుపు మూతపడలేదు. చివరికి ఆమెను నడిపించే తీసుకుపోవలసి వచ్చింది. వెనక ఏడిళ్ళ వాళ్ళూ గొలుసు పట్టుకొని నడిచారు. దారిలో "కీ హోయెఛే, దాదా?" అని ఏమైందో అడిగిన బెంగాలీ కార్మికులు, సంగతి విని, తామూ ఒక్కొక్క లింకు పట్టుకున్నారు.

ఠాణాలో దరోగా ఇంగ్లీషులో రాస్తున్నది, వాళ్ళ వెంట వెళ్ళిన నేను తెలుగులో పైకి చదివాను: "దొంగిలించిన వస్తువు: గొలుసు ఒకటి, వంద లింకులు."

"వంద కాదు బాబూ, తొంభై ఎనిమిది" అంది అప్పలనర్సమ్మ. "దొంగనని రాస్తే రాసుకో. లెక్క మాత్రం సరిగ్గా రాయి."

"లాకప్ మే డాల్ దూంగా!" అని, లాకప్‌లో వేస్తానని దరోగా గద్దించాడు.

ఆమె మణికట్టు నుంచి గొలుసు విప్పి వెంకటరావుకు అందించింది. తానే నడిచి లాకప్‌లోకి వెళ్ళింది.

దరోగా కలం 'వంద' మీదనే ఆగింది. అప్పుడు మెట్ల కింద, గొలుసు రెండో కొస దగ్గర, గోవిందరావు మొదలుపెట్టాడు.

"ఒకటి."

పక్కనున్న బెంగాలీ దాదా తన లింకును పైకెత్తాడు.

"దుయి."