నా పేరు పెట్టుకున్న పిల్ల

నిన్న సాయంత్రం నేను మా ఆయన నైజెల్ చొక్కాలు ఇస్త్రీ చేస్తూ ఉండగా టీవీలో నాటకం చివర వేసే పేర్లలో నా పేరు పైకి పాకుతూ వెళ్ళిపోయింది. డోరీన్ టేట్. ఆ నాటకంలో నేను లేను. పాతికేళ్ళ పిల్లెవరో ఉంది. చక్కగా నటించింది కూడా, దాని దుంప తెగ.

మా నటుల సంఘంలో ఒక పేరు ఒక్కరికే. చందా కట్టడం మానేస్తే పేరు ఖాళీ అయిపోతుంది, ఎవరైనా తీసుకోవచ్చు. ఏళ్ళ తరబడి ఆ పేరుతోనే తెర మీద నర్సుగా, పబ్బులో బీరు పోసే పిల్లగా, ఇన్‌స్పెక్టర్ గారి భార్యగా బతికాను. మా అబ్బాయి కీత్ పుట్టాక, "మళ్ళీ వెళ్తావా ఏంటి? ఆ చందా దండగ," అన్నాడు నైజెల్. పాలసీసాలు కడుగుతూ సరేనన్నాను.

ఇన్నాళ్ళకి మళ్ళీ వేషం వచ్చింది. లీడ్స్‌లో తీసే ఆస్పత్రి సీరియల్‌లో పెద్ద నర్సు. పొద్దున మా ఏజెంటు బెరిల్ ఫోన్ చేసింది. "సాయంత్రంలోగా కొత్త పేరు చెప్పు తల్లీ. పేరు లేకపోతే సంఘం కార్డు లేదు, కార్డు లేకపోతే వేషం లేదు. ఇంకో ఆవిడ కాచుక్కూచుంది."

మధ్యాహ్నం భోజనానికొచ్చిన నైజెల్ పేపరు దించకుండానే, "నా ఇంటిపేరు పెట్టుకో, పోయేదేముంది?" అన్నాడు.

"అంతేగా మరి!" అంది మా అత్తగారు. "బంగారంలాంటి పేరుండగా వెతుకులాట ఎందుకమ్మా? ప్రాట్ వాళ్ళ కోడలని అందరికీ తెలుస్తుంది."

అదే కదా నా ఏడుపు.

నైజెల్ పనికి వెళ్ళాక అంట్లు తోముతూ వెతుక్కున్నాను. టేట్ నాన్నది. అమ్మ పుట్టింటి పేరు తాతయ్యది. అమ్మమ్మ పుట్టింటిది ముత్తాతది. ఎంత వెనక్కి నడిచినా ప్రతి గుమ్మంలోనూ ఒక మగాడు నిలబడి ఉన్నాడు. సబ్బునీళ్ళలో చేతులు వెచ్చగా, నావి కానట్టు తేలిపోతున్నాయి. కిటికీ అవతల పొగమంచు. అందులోంచి ఎప్పటిదో ఒక రైలు. నా మొదటి వేషానికి వెళ్తున్నాను, చిన్నపిల్లని. ఏదో స్టేషన్లో ఊరికే ఆగింది. ఎవరూ దిగలేదు, ఎవరూ ఎక్కలేదు. బన్ను తింటూ బోర్డు చదివాను: సెల్బీ. నేనెక్కడున్నానో ఆ క్షణాన లోకంలో ఎవరికీ తెలియదు. ఎంత హాయిగా ఉందో!

చేతులు తుడుచుకోకుండానే ఫోనెత్తి బెరిల్‌కి చెప్పాను. "డోరీన్ సెల్బీ."

"సెల్బీయా? మన బంధువుల్లో ఆ పేరు వాళ్ళెవరూ లేరే!" వెనకనుంచి అత్తగారు.

బెరిల్ కూడా అదే అడిగింది. "ఎవరి తరఫు పేరు తల్లీ అది?"

"ఎవరి తరఫూ కాదు," అన్నాను. "నాతోనే మొదలు."