లంక దావాలు

"ఈ నేల చెక్క నీదేనా?" అని భాస్కరం గారి వకీలు అడిగాడు. బోనులో నిలబడ్డ జీవరాజు తడుముకోకుండా "కాదండి" అన్నాడు. వకీలు ఇంకేమీ అడగలేదు. ఆ ఒక్క మాట చాలు, తన మీద వేసిన దావాలో జీవరాజు ఓడినట్టే. ఆ తర్వాత మిగతావాళ్ళ వంతు. వెనక బెంచీలో భూస్వామి భాస్కరం మీసం చాటున నవ్వుకుంటుంటే మాకు ఒళ్ళు మండిపోయింది.

జీవరాజు చెప్పింది నిజమే. ఇది చదివే తమ్ముళ్ళకు వింతగా ఉంటుందేమో గానీ, గోదావరి వరద తీశాక ఏటి నడుమనున్న మా లంకలో గట్లు మిగలవు. ఏరు ఒక పక్క కోసుకుపోతుంది, ఇంకో పక్క మేట వేస్తుంది. అందుకని ఏటా మిగిలిన నేలను చెక్కలు చేసి చీట్లు వేసుకుంటాం. పోయినేడు జీవరాజు దున్నిన ఆ చెక్క ఈ ఏడు ఏసమ్మకు వచ్చింది. తాతల నుంచీ ఇదే పద్ధతి. ఇప్పుడు లంకంతా తనదని భాస్కరం కోర్టుకెక్కాడు. ఒక్క దావా వేస్తే అందరం ఒక్కటవుతామని ఇంటికో దావా వేశాడు, మనిషికో వాయిదా. కూలి మానుకుని ఒంటరిగా వెళ్ళినవాడు వకీలు ముందు బిక్కచచ్చిపోతాడు. అదీ దొర ఎత్తు.

ఆ సాయంత్రం చర్చిలో ప్రార్థన అయ్యాక ఎవరూ లేవలేదు.

"నాదేనండి అంటే నీ సొమ్మేం పోయింది బాబాయ్!" అని విజయ్ పాల్ అరిచాడు.

"ప్రమాణం చేసి ఏసమ్మ చెక్క నాదని ఎలా చెప్పేదిరా?" అన్నాడు జీవరాజు.

మా వకీలు ఆశాజ్యోతి గారు ఇద్దరినీ ఆపారు. "ఆయన తప్పేం లేదండి. దావాలన్నీ కలిపి విచారించమని పిటిషన్ వేద్దాం. అప్పుడు ఒకరి సాక్ష్యం అందరికీ పనికొస్తుంది. మీ చీట్ల సంగతి జడ్జి గారు ఒక్కచోటే వింటారు."

"ఓడిపోతే అందరం ఒకేసారి మునుగుతాం కదండీ," అన్నాడు బుల్లియ్య. "నన్నయితే భాస్కరం గారు రాజీకి రమ్మన్నారు. నా చెక్క నాకు వదిలేస్తారంట."

చర్చిలో గగ్గోలు లేచింది. అమ్ముడుపోయాడని ఎవరో కేకేశారు. ఏసమ్మ వెళ్ళి అతని ఎదురుగా కూర్చుంది.

"వచ్చే వరదకి ఆ చెక్క ఏట్లో కలిసిపోతే ఏం చేస్తావురా తమ్ముడూ? ఏరు తీసుకుపోయిన నష్టం ఇన్నాళ్ళూ అందరం పంచుకున్నాం. అందుకే నీ పిల్లలు పస్తుండలేదు. ఆయన పంచుకుంటాడా?"

బుల్లియ్య కండువా దులుపుకుని బయటికి నడిచాడు. నాకైతే ఆ మనిషి మీద నమ్మకం కుదరలేదు.

వాయిదా రోజున పడవలెక్కి, కొవ్వూరు రేవులో దిగి, కోర్టు వరండా నింపేశాం.

"అన్నీ కలిపితే తీర్పు అందరికీ వర్తిస్తుంది. విడిగా కావాలనుకునేవాళ్ళు ఇప్పుడే చెప్పండి," అన్నారు జడ్జి గారు.

భాస్కరం బుల్లియ్య వంకే చూస్తున్నాడు. బుల్లియ్య ముందుకు నడిచాడు.

"భాస్కరం గారు నాతో రాజీ పడతానన్నారండి," అన్నాడు చేతులు కట్టుకుని. "నాకొద్దండి. నెగ్గినా ఓడినా మావాళ్ళతోనేనండి."

ఉమ్మడి విచారణకు ఉత్తర్వు వచ్చింది. మేం మెట్లు దిగేలోగా పోలీసులు బుల్లియ్య రెక్క పట్టుకున్నారు. లంకలో పండిన మొక్కజొన్న భాస్కరందట, బుల్లియ్య దాన్ని దొంగతనంగా కోశాడట! కోర్టులో పట్టు జారగానే దొర స్టేషన్‌ను పట్టుకున్నాడు.

జీపు వెనకే అందరం స్టేషన్ దాకా నడిచాం.

"కేసు అతనొక్కడి మీదే. మీరు ఇళ్ళకి పొండి," అన్నాడు ఎస్సై.

"లంకలో కోత ఒక్కడు కొయ్యడండి," అంది ఏసమ్మ. "బుల్లియ్య కండెలు విరిచాడు, నేను మోశాను, వీళ్ళు ఒలిచారు. రాసుకోండి."

ఎస్సై కలం తీయలేదు. మేం అరుగు మీద బైఠాయించాం. రేపు కూలికి రామని ఒడ్డున మేం పనికెళ్ళే రైతులకు కబురు పంపించాం. విచారణ సోమవారం మొదలవుతుంది. బుల్లియ్యను వదలకపోతే కోర్టుకు ఈ స్టేషన్ అరుగు మీద నుంచే వెళతాం.